గోడ అవతలి కొండలు

మన దేశంలో ఉన్న కొండలన్నీ నాకు నా శత్రువు నేర్పింది.

నేను చదివింది నాలుగో తరగతి. మైలవరంలో మా పుట్టింటికి వెళ్ళినప్పుడు, అక్కణ్ణించి బెజవాడ పోయే బస్సులో కిటికీ పక్కన కూర్చుని కొండపల్లి కొండలు చూడటం తప్ప, పెద్ద కొండ దేన్నీ దగ్గరగా చూసి ఎరగను. అయినా కాంచనజంగ ఎక్కడుందో, నందాదేవి ఏ రాష్ట్రంలో ఉందో, అనైముడికి ఆ పేరు ఎందుకొచ్చిందో నిద్రలో లేపి అడిగినా చెబుతాను. ఇదంతా మా పెరటి గోడ అవతలి నుంచి వచ్చిన చదువు. గోడ అవతల ఉండేది మా తోడికోడలు, మా మరిది భార్య. నూజివీడులో ఒక ప్రైవేటు స్కూల్లో సోషల్ పాఠాలు చెప్పి చెప్పి, మానేశాక ఇంటి దగ్గర ట్యూషన్ పెట్టింది. సాయంత్రం అయ్యేసరికి వీధిలో పిల్లలంతా ఆవిడ పెరటి వసారాలో చేరతారు. సరిగ్గా అదే సమయానికి గోడ ఇవతల నేను గేదె పాలు పితుకుతుంటాను.

ఆ గోడ ఇద్దరిదీ. ఇండియా మ్యాపు తగిలించుకోవడానికి ఆవిడ దానికి ఇంత పొడుగు మేకు కొట్టించింది. మేకు మొన మావైపుకి పొడుచుకొచ్చి, నా గోడకి గుప్పెడు సున్నం రాలింది. నేనేమీ అనలేదు. ఆ మొన మీద పాలు వడగట్టే గుడ్డ ఆరేసుకుంటున్నాను. అవతల హిమాలయాలు, ఇవతల నా గుడ్డ, ఒకే మేకుకి వేలాడుతుంటాయి.

ఏమీ అనలేదంటే, అనడానికి మా మధ్య మాటలు లేవు. మా ప్రాంతంలో 'మాటలు లేవు' అంటే ఏదో అలిగారని కాదు. దానికో పద్ధతుంది. పెళ్ళికీ చావుకీ వెళ్ళాలి. మూడో మనిషి వడ్డిస్తే తినాలి. ప్రసాదం పంపితే కళ్ళకద్దుకోవాలి. ఎదురుపడి నోరు మాత్రం విప్పకూడదు. ఎవరు ముందు పలకరిస్తే వాళ్ళు ఓడినట్టు, వీధంతా అందుకోసమే కాచుకుని ఉంటుంది. చెప్పాలనుకున్నది గోడకో గొడ్డుకో చెప్పుకోవాలి. అవతలివాళ్ళు అది విన్నా విననట్టే ఉండాలి. నాకు గేదె ఉంది. ఆవిడకి ట్యూషన్ పిల్లలున్నారు.

ఇది మొదలైంది మా ఆడపడుచు కూతురి పెళ్ళిలో. ఆడవాళ్ళమంతా పందిట్లో కూర్చుని తాంబూలాల సంచులు సర్దుతున్నాం. చేతులు ఆడుతుంటే నా నోరు ఊరుకోదు, ఏదో ఒక కథ చెబుతూ ఉండాలి. "అండమాన్ దగ్గర సముద్రం మధ్యలో బారన్ దీవి అని ఒక కొండ ఉందట. దేశం మొత్తానికి ఇప్పటికీ నిప్పు కక్కేది అదొక్కటేనట. దాని పక్కన మనిషన్నవాడు కాపురం చెయ్యలేడట. మరి మా మరిది ఎలా చేస్తున్నాడో!" అన్నాను. అందరూ విరగబడి నవ్వారు. నవ్వు ఆగిన చోట చూస్తే, నా వెనక కాఫీ గ్లాసుల పళ్ళెం పట్టుకుని ఆవిడే నిలబడి ఉంది. పళ్ళెం కింద పెట్టి, "నాలుగో తరగతి తప్పినవాళ్ళకి నా పాఠాలు ఇలా పనికొస్తున్నాయన్నమాట" అని వెళ్ళిపోయింది.

నేను తప్పలేదు. మానేశాను. మా నాన్న మాన్పించాడు. తప్పడం వేరు, మానెయ్యడం వేరు. టీచరుగా చేసిన మనిషికి ఆ తేడా తెలియదా? ఆ ఒక్క ముక్క నాకు ఇప్పటికీ ముల్లులా గుచ్చుకుంటూనే ఉంది.

ఇక ఆ రోజు నుంచి పాఠాలన్నీ నా మీదికే వచ్చేవి. నేను పాలచెంబు పట్టుకుని కూర్చున్న అలికిడి వినగానే ఆవిడ గొంతు పెరిగేది.

"హిమాలయాలు ఎలాంటి పర్వతాలురా?"

"యంగ్ మౌంటెన్స్ మేడమ్!"

"అవును. వయసులో చిన్నవి, ఇంకా పెరుగుతున్నాయి. మరి ఆరావళి?"

"ఓల్డ్ మౌంటెన్స్ మేడమ్!"

"ముసలివి. అరిగిపోయాయి. ఒకప్పుడు ఎత్తుగా ఉండేవేమో, ఇప్పుడు పేరే మిగిలింది. గురుశిఖర్ అని ఒకటి ఉంది కాబట్టి ఇంకా లెక్కలో ఉన్నాయి."

ఆవిడకంటే నేను పెద్దదాన్ని. ముసలివన్న మాట పిల్లలకి చెప్పింది కాదని పిల్లలకీ తెలుసు. కిసుక్కున నవ్వేవాళ్ళు. నేను గేదె డొక్క మీద ఒక్కటిచ్చి, "ఏమే, పాలు చెంబెడు లేవు గానీ బుసలు మాత్రం బానే కొడుతున్నావు. నువ్వూ అండమాన్ నుంచే దిగావా?" అనేదాన్ని. గేదె పాపం తల తిప్పి నన్ను చూసేది. అవతల చాక్‌పీసు పుటుక్కున విరిగేది.

అయినా చెవులు మాత్రం మూసుకోలేదు. శత్రువు చెప్పినా విద్య విద్యే. అనైముడి అంటే ఏనుగు నుదురని అర్థమట, ఆ కొండ అలాగే ఉంటుందట. నీలగిరుల్లో పెద్దది దొడ్డబెట్ట, సాత్పురాలో ధూప్‌గఢ్. తూర్పు కనుమల్లో పెద్దది మహేంద్రగిరి అని చాలా కాలం చెప్పింది. పుస్తకం మారాక మరో కొండ పేరు చెప్పడం మొదలుపెట్టింది. కొండలు అక్కడే ఉంటాయి, పుస్తకాలే కదులుతాయన్నమాట అనుకున్నాను. పడమటి కనుమలు ఒకటే వరుస, తూర్పు కనుమలు నదులు కోసేసిన ముక్కలు. "కలిసి ఉండటం చేతకాని కొండలు" అనేది ఆవిడ, కాస్త గొంతు పెంచి.

ఆ చేతకాని కొండల్లోదే మాదీ అని నా నమ్మకం. మా తోట పడమటి చివర ఒక గుట్ట ఉంది. ఎర్రమట్టి, గులకరాళ్ళు, పైన నాలుగు బండలు, తుప్పలు. ఎక్కి చూస్తే ముసునూరు రోడ్డు మీద పోయే బస్సులు కనిపిస్తాయి. దాన్ని ఏ మ్యాపులోనూ వెయ్యరు. ఎవరో పిల్ల ఒకసారి "మేడమ్, మన గుట్ట తూర్పు కనుమల్లోదేనా?" అని అడిగితే, "అది గుట్ట కూడా కాదు, దిబ్బ. నోరు మూసుకుని మ్యాపు పాయింటింగ్ చెయ్యి" అంది ఆవిడ. ఆ రాత్రి నాకు అన్నం సయించలేదు. పుట్టింటి వాళ్ళని తిట్టినట్టయింది.

ఎందుకంటే ఆ గుట్ట మాకు గొడుగు. మామిడికాయ తయారయ్యే రోజుల్లో పడమర నుంచి ఈదురుగాలులు లేస్తాయి. మధ్యాహ్నం వరకు ఎండ మండిపోతుంది, ఉన్నట్టుండి ఆకాశం నల్లబడుతుంది, ఇక ఆ గాలి కొమ్మల్ని పట్టి ఊపే ఊపుకి ఏడాది పంట నేల మీద ఉంటుంది. చుట్టుపక్కల తోటలన్నీ అలా రాలిపోయినా, మా రెండిళ్ళ తోటలో మాత్రం కాయ నిలిచేది. గాలి గుట్టకి గుద్దుకుని మీదుగా పోయేది. మా మామగారు కొడుకులిద్దరికీ పొలం పంచినప్పుడు గుట్టని మాత్రం పంచలేదు. పెద్దమనుషుల ముందు, "నా కొడుకులు గాలెటు వీస్తే అటు వాలే రకం. వీళ్ళ మాట మీద వదలను. కోడళ్ళిద్దరూ సరేనంటే తప్ప ఆ గుట్ట మీద పార వెయ్యడానికి లేదు" అన్నారు. అప్పట్లో మేమిద్దరం ఒక కంచంలో తినేవాళ్ళం. ఇలా అవుతామని ఆయన అనుకుని ఉండరు.

మొన్నటి పిందెల కాలంలో మా మరిది వచ్చాడు. ఎప్పుడూ గడప దగ్గరే నిలబడి వెళ్ళేవాడు, ఆ రోజు మంచం మీద కూర్చుని మజ్జిగ అడిగి తాగాడు. నూజివీడు పక్కన ఎవరో వెంచర్ వేస్తున్నారట, రోడ్లకి గ్రావెల్ కావాలట, గుట్ట మట్టి బ్రహ్మాండంగా ఉందన్నారట.

"మీ తమ్ముడు ఏమంటున్నాడో విన్నారా?" అన్నాను మా ఆయనతో.

మా ఆయన మీసం దువ్వుకుని, "వింటున్నాను" అన్నారు. ఆయన ఎప్పుడూ అంతవరకే.

"మీ తోడికోడలు ఒప్పేసుకుంది వదినా" అన్నాడు మరిది. "ఆ దిబ్బతో మనకేంటి పని అంది. ఇక నువ్వు ఊ అంటే సరి."

నాకు ఒళ్ళు మండింది. దిబ్బ! ఆ మాట అచ్చం ఆవిడదే. "నేను ఊ అనను. మా మామగారి మాట నేనున్నంత వరకు ఉంటుంది. ఆవిడ అమ్ముకోవాలంటే మ్యాపులో ఉన్న హిమాలయాలు అమ్ముకోమను."

"కాస్త ఆలోచించు వదినా."

"ఆలోచించే అన్నాను."

"నిజమో కాదో కావాలంటే వెళ్ళి అడుగు" అని లేచాడు. మా వీధిలో అంతకంటే భద్రమైన మాట ఇంకోటి లేదు. నేను వెళ్ళి అడగనని వాడికి తెలుసు.

అప్పటి నుంచి ఆవిడ మీద నాకున్న కోపం పదింతలైంది. తెల్లారితే కొండలు, పొద్దుగూకితే కొండలు, పిల్లల చేత వల్లె వేయించే మనిషి, తన తోటకి కాపలా కాసే కొండని రోడ్డు కింద పోయిస్తుందా? ఆవిడ వాకిట్లోకి పోయే దారిలో కళ్ళాపి నీళ్ళు కావాలనే ఎక్కువ పోశాను. ఆవిడ మా ఇంటి ముందు నుంచి పోతూ చెప్పు దులిపింది. శ్రీరామనవమి పానకం ఆవిడ ఇంటి నుంచి వస్తే చెంబు మూత కూడా తియ్యకుండా గేదె కుడితిలో పోశాను. పద్ధతి తప్పానని మా ఆయన రెండు రోజులు ముభావంగా ఉన్నారు.

ఒకరోజు పొద్దున్నే నేల అదిరింది. వెళ్ళి చూద్దును గదా, గుట్ట దక్షిణపు మూల, మా మరిది పొలం వైపు నుంచి, పొక్లెయిన్ ఎక్కింది. ఎర్రమట్టి టిప్పర్లలో పడుతోంది. అక్కడున్న వేప మొక్క వేళ్ళతో సహా గాల్లోకి లేచింది. నేను మా ఆయన్ని లేపి తీసుకెళ్ళేసరికి మరిది ఎదురొచ్చి, "నాదేముంది అన్నయ్యా, ఇది మా ఇంట్లో ఖాయమైపోయిన మాట. బండి రమ్మని కబురు పంపింది మా ఆవిడే" అన్నాడు. మా ఆయన మీసం దువ్వుకున్నారు.

మొగాళ్ళిద్దరూ అలా ఉంటే నా ఒక్కదాని మాట ఎవరు వింటారని ఇంటికొచ్చాను. రోజంతా ఏ పనీ సాగలేదు. సాయంత్రం చెంబు పట్టుకుని గేదె దగ్గర కూర్చున్నాను. అవతల ఆవిడ గొంతు మామూలుగా లేదు. కర్రతో మ్యాపు మీద కొడుతుంటే నా వైపు గుడ్డ ఊగుతోంది.

"ఇదేంటి?"

"పడమటి కనుమలు మేడమ్!"

"ఇక్కడేంటి? ఈ సందు?"

"పాలక్కాడ్ కనుమ మేడమ్!"

"ఇటూ కొండలే, అటూ కొండలే, మధ్యలో గండి. ఆ గండిలోంచి గాలి దూసుకొస్తుంది. కొండ ఉన్నంత సేపు ఆగిన గాలి, గండి దొరికితే ఆగుతుందా?"

"ఆగదు మేడమ్!"

"చదువు లేకపోతే పోయె, బుద్ధయినా ఉండాలి! పెద్దవాళ్ళు పంచకుండా ఉంచిన కొండని మట్టి కింద అమ్ముకునే వాళ్ళని ఏమంటార్రా?"

పేజీలు తిప్పుతున్న చప్పుడు వినిపించింది. ఆ ప్రశ్న పుస్తకంలో లేదు.

నా చేతిలో పాలధార ఆగిపోయింది. కొండ అమ్ముకున్న వాళ్ళని తిడుతోంది. నన్ను తిడుతోంది. అమ్ముకున్నది తనే అయితే ఈ కడుపుమంట ఎందుకు? దొంగ మనిషి పాఠం మార్చి చెబుతుంది గానీ గొంతు ఇలా జీరబోదు. ఇన్నేళ్ళూ గోడ అవతలి నుంచి ఆ గొంతుని విన్నాను. ఎత్తిపొడుపు ఎలా ఉంటుందో నాకంటే తెలిసిన వాళ్ళు లేరు. ఇది ఎత్తిపొడుపు కాదు, ఏడుపు.

'పిట్టపోరూ పిట్టపోరూ పిల్లి తీర్చింది' అని మా అమ్మ అనేది. పిల్లి గుట్ట దగ్గర టిప్పర్లు లెక్కపెట్టుకుంటోంది.

అడగాలంటే నోరు విప్పాలి. విప్పితే ఓడినట్టు. పిల్లలు వింటారు, అరగంటలో వీధంతా పాకుతుంది. గేదె వైపు చూశాను. ఈ మాట గేదెకి చెబితే తెమిలేది కాదు. పొక్లెయిన్ చప్పుడు వినిపిస్తూనే ఉంది. కుడితి తొట్టి అంచు మీదికెక్కి గోడ మీదుగా తల పెట్టాను.

"ఎవరే కొండలమ్ముకుంది?" అన్నాను.

పిల్లలంతా కొయ్యబారిపోయారు. ఆవిడ చేతిలో కర్ర అలాగే కేరళ మీద ఆగింది. నా వైపు తిరిగింది.

"మీరే" అంది. ఒకప్పుడు 'నువ్వు' అనేది. ఆ 'మీరు' కత్తిలా తగిలింది.

"నేనా? నీ నోట్లో పురుగులు పడ! ఒప్పుకుంది నువ్వు. ఆ దిబ్బతో నాకేంటి పనన్నావట."

"దిబ్బ అన్నాను. అమ్మమన్నానా? ఆవకాయలో ఉప్పెక్కువైందంటే జాడీ పగలగొట్టమన్నట్టా?"

"నా ఆవకాయ మాట ఇప్పుడెందుకు?"

"బావగారూ అక్కయ్యా సంతకం పెట్టినంత పని చేశారని ఆయన చెప్పాడు. పెద్దావిడ మాటిచ్చేసింది, ఇక నువ్వెంత అన్నాడు."

"ఎవరు? నీ మొగుడా?"

"మీ మరిదే."

"నాకు చెప్పింది కూడా వాడే. బండిని రమ్మని కబురు చేసింది నువ్వేనన్నాడు."

ఇద్దరం ఒకేసారి గుట్ట వైపు చూశాం. వెనక నుంచి ఒక పిల్ల మెల్లగా, "మేడమ్, ట్యూషన్ అయిపోయిందా?" అంది.

"అయిపోయింది. పొండి" అంది ఆవిడ.

ఆవిడ తన వాకిలి నుంచి, నేను మా వాకిలి నుంచి బయల్దేరాం. కలిసి నడవలేదు. ఆవిడ దారికి ఆ పక్క, నేను ఈ పక్క. మ్యాపు కర్ర ఇంకా చేతిలోనే ఉంది. పిల్లలు ఇళ్ళకి పోకుండా వెనకే వచ్చారు.

మా మరిది మమ్మల్ని ముందు చూడలేదు. టిప్పర్ కుర్రాళ్ళతో నవ్వుతూ ఏదో చెబుతున్నాడు. మేమిద్దరం ఒకే దారిలో రావడం చూసేసరికి నవ్వు సగంలో ఆగింది. వాడి లెక్కలో జరగని పని అదొక్కటే.

"ఆపించు" అంది ఆవిడ.

"అది కాదే, అసలు సంగతేంటంటే..."

"సంగతి మేం గోడ మీద మాట్లాడుకున్నాం."

"మాట్లాడుకున్నారా?" అన్నాడు. నమ్మలేక నా వైపు చూశాడు. "వదినా, నువ్వు... మాట్లాడావా?"

"నేనే ముందు మాట్లాడాను. వెళ్ళి వీధంతా చెప్పుకో" అన్నాను. "పెళ్ళానికి వదిన పేరు చెప్పి, వదినకి పెళ్ళాం పేరు చెప్పి, మీ నాన్న మాటని మట్టిలో కలుపుతావా? పెద్దమనుషుల్ని పిలిపించనా, మీ ఆవిడ కర్రతోనే కానిచ్చెయ్యనా?"

"కర్ర నాది. కొడితే నేను కొట్టుకుంటాను. మీకెందుకు?" అంది ఆవిడ నా వైపు చూడకుండా. అక్కడ కూడా.

మట్టి కొంటున్న వెంచర్ పెద్దాయన ఇదంతా చూసి చేతులు దులుపుకున్నాడు. "ఇంట్లో ఆడవాళ్ళు ఒప్పుకున్నారన్నారు కదండీ. గొడవలున్న మట్టి మాకొద్దండీ బాబూ" అని బండి తిప్పమన్నాడు. పొక్లెయిన్ కిందికి దిగుతూ ఇంకో గుప్పెడు మట్టి రాల్చుకుంటూ పోయింది.

గుట్ట నిలిచింది. దక్షిణపు మూల మాత్రం పోయింది. కొరికి పారేసిన జాంపండులా ఎర్రగా, లోపల గులకరాళ్ళు కనబడుతూ ఉంది. మేమిద్దరం దాని ముందు నిలబడ్డాం.

"ఇంకేమైనా ఉందా?" అంది ఆవిడ.

"ఉంది. నేను నాలుగో తరగతి తప్పలేదు. మానేశాను."

ఆవిడ కర్ర చంకలో పెట్టుకుని, వచ్చిన పక్కనే నడుచుకుంటూ వెళ్ళిపోయింది. మర్నాటి నుంచి మళ్ళీ మాటల్లేవు. మా మరిదికి ఆ ఇంట్లో అన్నం దొరికింది గానీ కూర చాలా రోజులు దొరకలేదని విన్నాను. ముందు పలకరించింది నేనే కాబట్టి నేనే ఓడానని వీధి తీర్మానించింది. ఆవిడ ఆ తీర్మానాన్ని ఖండించలేదు. సాయంత్రం పాఠంలో ఆరావళి మళ్ళీ అరిగింది.

వైశాఖంలో గాలి వచ్చింది. ఎప్పటిలాగే పడమర నల్లబడింది, ఎప్పటిలాగే గుట్టకి గుద్దుకుంది. కానీ ఆ కొరికిన మూల దగ్గర దానికి సందు దొరికింది. ఆవిడ చెప్పినట్టే దూసుకొచ్చింది. మిగతా తోట నిలబడింది గానీ, ఆ వరసలో ఉన్న చెట్లు ఆవిడవీ రాలాయి, నావీ రాలాయి. అదే ఊపుతో ఇంటి దాకా వచ్చి, గోడ పక్కనున్న మా పెద్దరసం మామిడి చెట్టుని దులిపేసింది. కాయలన్నీ గోడ దాటి ఆవిడ పెరట్లో పడ్డాయి. ఎవరి దొడ్లో రాలిన కాయ వాళ్ళదే, అది మా ఊరి కట్టుబాటు. కాబట్టి అవి ఆవిడవి.

పొద్దున్నే నేను పాలు పితుకుతుంటే గోడ మీదుగా ఒక కాయ ఎగిరొచ్చి చెంబుకి ఠంగున తగిలింది. పాలు ఒలికాయి. ఇంకోటి. ఇంకోటి. నా సొత్తు తనకి అక్కర్లేదట, ఒక్కొక్కటే ఏరి విసురుతోంది. అందించవచ్చు, బుట్టలో పంపవచ్చు. విసురుతోంది. గేదె బెదిరి పలుపు లాగింది. నోటిదాకా వచ్చిన మాటని మింగేశాను. కిందటిసారి నేను విప్పాను, ఈసారి విప్పేది లేదు. కొంగు పట్టి దొరికినన్ని అందుకున్నాను, దొరకనివి ఏరుకున్నాను.

"చూశావుటే, అగ్నిపర్వతం రాళ్ళు కక్కుతోంది" అన్నాను గేదెతో.

అవతల విసరడం ఆగింది.

"ఒట్టి రాళ్ళే కాదు, బూడిదా లావా కూడా కక్కుతుంది. చెబితే పూర్తిగా చెప్పాలి" అంది ఆవిడ గొంతు.

పిల్లలు 'అవును మేడమ్' అంటారేమోనని విన్నాను. ఎవరూ అనలేదు. వేసవి సెలవులిచ్చి అప్పటికే చాలా రోజులైంది. వసారాలో పిల్ల అన్నది లేదు. మేకుకి మ్యాపు కూడా తగిలించలేదు కాబోలు, గుడ్డ కదలకుండా ఉంది.

ఆ మాట అన్నది నాతోనే. కొంగులో కాయలు మా వసారాలో పోసుకుని, కత్తిపీట ముందేసుకుని, దెబ్బ తగిలినవి ముందుగా ఎండబెట్టుకునే ఒరుగులకి తరగడం మొదలుపెట్టాను.